గ్రుడ్లు కాచే చేపలు



పెదవేగి అనగానే శాలంకాయనులు, వారి రాజధాని వేంగీపురము, అక్కడి పాతదిబ్బలు జ్ఞప్తికి వస్తవి. ఈ ప్రసంగానికి నాకు విషయం దొరికినది మాత్రం ఆ ఊళ్ళో మా బంధువుల ఇంట, కిటికీ ప్రక్కనున్న గాజుతొట్టెలో.

అందులో రెండంగుళాల చేపలు రెండు. పసుపుపచ్చని మేను, దానిపై నీలపు చుక్కలు, కంటి మీదుగా దిగిన నల్లని చార. పేరు రామిరేజీ. పుట్టిల్లు దక్షిణ అమెరికాలో వెనిజులా, కొలంబియా దేశాల ఓరినోకో మైదానాలు. 1948లో శాస్త్రజ్ఞులు దీనిని వర్ణించి, సేకరించిన రామిరేజ్ అనే ఆయన పేరు పెట్టారు. చదునైన రాతిమీద గ్రుడ్లు పెట్టి, ఆలుమగలు రెండూ రెక్కలతో నీరు విసురుతూ వాటిని కాచుకోవడం దీని స్వభావం.

ఆ ఇంటి జంట మాత్రం గ్రుడ్లు పెట్టిన మరునాటికే తినివేసినది. “తాతయ్యా, ఇవేం తల్లిదండ్రులు?” అని మనుమడు కన్నీరు పెట్టుకున్నాడు. బెదిరిన జంట, తొలికాన్పు జంట ఇట్లు చేయడం కద్దు. అంతేగాక, అంగళ్ళకు వచ్చే వీటిలో చాలా భాగం పెంపక కేంద్రాలలో, తల్లిదండ్రులనుండి విడదీసిన గ్రుడ్ల నుండి పుట్టినవే. తరతరాలుగా ఇట్లు జరుగుటచే కాపుదల బుద్ధి మందగించినదని పెంపకందారులు అంటారు.

ఆనాడు ఆ ఇంటికి కొల్లేటి లంకలనుండి ఒక వృద్ధ జాలరి వచ్చి ఉన్నాడు. తొట్టెలోకి తొంగిచూసి, “మా దువ్వెన చేప ఇలా చేయదండీ. పిల్లలు ఈదేదాకా ఆలుమగలు అక్కడే కాపు” అన్నాడు.

తెలిసి అన్నాడో తెలియక అన్నాడో గాని, అతడు చెప్పినది ఈ రామిరేజీకి జ్ఞాతియైన చేప! రెండూ సిక్లిడ్ కుటుంబానివే. మలయాళదేశంలో కరిమీను అని వాసికెక్కినది ఈ దువ్వెన చేపయే. సిక్లిడ్లు అమెరికాలోను ఆఫ్రికాలోను వందలకొలది జాతులు. మన దేశపు సొంత జాతులు మూడే. మనవాటికి దగ్గరి చుట్టాలు మడగాస్కరు దీవిలో ఉన్నవి. ఖండాలు ఒకటిగా ఉన్ననాటి సంబంధమా, సముద్రం దాటి వచ్చినవా అన్న వాదం పండితులలో నేటికీ తెగలేదు. దువ్వెన చేప ఉప్పునీటిని కూడ ఓర్చుకొనును గనుక రెండవ పక్షాన్ని తేలికగా త్రోసివేయలేము.

ఇది మునిగిన రాళ్ళకు, కర్రలకు, వేళ్ళకు గ్రుడ్లు అంటిస్తుంది. పొదిగిన పిల్లలను అడుగున త్రవ్విన చిన్న గుంటలలోకి చేర్చి, జంట కావలి కాస్తుంది. ఇందుకు లోతు తక్కువైన, తేటనీరు కావలెను. బురద కప్పిన రాతికి గ్రుడ్డు ఎట్లు అంటుకొనును?

కొల్లేటి కథ మీకు తెలియనిది కాదు. 1999లో అభయారణ్యమైనది, 2002లో రామ్సార్ జాబితాకెక్కినది, 2006లో అయిదవ కాంటూరు లోపలి చేపల చెరువుల గట్లు కొట్టించారు. చెరువుల మురుగు, కాలువల మురుగు మాత్రం సరస్సులోకి రావడం మానలేదు. పెంపుడు చేపలకోసం వేసిన గట్లు సొంత చేప పురిటిగదిని మూసివేసినవని నా అభిప్రాయం. గట్లు వేసినవారికీ బ్రతుకుతెరువు ఉన్నదనుకోండి, అది వేరు మాట.

కుర్రవాడు మాత్రం ఇవేవీ వినిపించుకోలేదు. “మీ చేప పిల్లలను కాయడం నాకు చూపిస్తారా?” అని జాలరిని అడిగాడు.

ముసలివాడు కొంచెం ఆలోచించి, “నీళ్ళు తేరుకోనీ బాబూ, పడవలో తీసుకుపోతాను” అన్నాడు.