చేసిన పనికి బిల్లు

చిత్తూరు, తిరుపతి జిల్లాల పల్లెల్లో ఉపాధి హామీ నిధులతో ఎన్నో సిమెంటు రోడ్లు పడ్డాయి. చిన్న కాంట్రాక్టరు అప్పు తెచ్చి సిమెంటు, కంకర కొని పని ముగిస్తాడు. ఇంజనీరు కొలతలను ఎం-బుక్కులో, అంటే కొలతల పుస్తకంలో, రాస్తాడు. తర్వాత బిల్లు పైకి వెళ్తుంది. అది ఆగిపోయినా అప్పుమీద వడ్డీ ఆగదు.

2019కి ముందు చేసిన ఉపాధి పనుల బిల్లులు రాష్ట్రమంతటా అలాగే నిలిచిపోయాయి. బాధితులు కోర్టుకెక్కారు. 2021 అక్టోబరులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు, బిల్లుల్లో ప్రభుత్వం పెట్టిన 20 శాతం కోత చెల్లదంది. నాలుగు వారాల్లో 12 శాతం వడ్డీతో చెల్లించమంది.

కాంట్రాక్టరు సోదరులారా! వర్క్ ఆర్డరు, ఎం-బుక్కు నకలు భద్రంగా దాచుకోండి. బిల్లు ఎక్కడ ఆగిందో సమాచార హక్కు చట్టం కింద అడగండి. అధికారులు 30 రోజుల్లో జవాబివ్వాలి. చేసిన కష్టానికి డబ్బు అడగడం మీ హక్కు.