గొంతు వాడిదే, పిలుపు వాడిది కాదు



మా పిన్ని తెనాలిలో ఉంటుంది. ఆవిడ ఒక్కగానొక్క కొడుకు, అంటే నాకు తమ్ముడు, అమెరికాలో డాలస్‌లో ఉద్యోగం చేస్తున్నాడు. పోయిన వేసవిలో ఒక మధ్యాహ్నం రెండు గంటల వేళ, వంటిల్లు సర్దుకుని పిన్ని అలా నడుం వాల్చిందో లేదో, ఫోన్ మోగింది. తెలియని నంబరు. ఎత్తగానే ఏడుపు. "అమ్మా, నేనే. కారు గుద్దేశాను. అవతలివాళ్లకి బాగా దెబ్బలు తగిలాయి. పోలీస్ స్టేషన్‌లో ఉన్నాను. నాన్నకి చెప్పకు, తట్టుకోలేరు. లాయరుగారు మాట్లాడతారు, ఆయన చెప్పినట్టు చెయ్యి."

గొంతు కొడుకుదే. ఆ సన్నటి జీర, మాట చివర సాగదీసే అలవాటు, అన్నీ వాడివే. అప్పుడు డాలస్‌లో తెల్లవారుజామున మూడున్నర. నిద్రలో ఉండాల్సిన పిల్లాడు ఆ వేళప్పుడు ఏడుస్తూ ఫోన్ చేస్తే ఏ తల్లికి కాళ్లూ చేతులూ ఆడతాయి? వెనకాలే లైన్లోకి వచ్చిన లాయరు చక్కటి తెలుగులో, తొందరేమీ లేనట్టు, ఇక్కడున్న తమ మనిషి ఖాతాలో మూడు లక్షలు వేస్తే పొద్దు గూకేలోగా బెయిలు వచ్చేస్తుందని చెప్పాడు. పిన్ని బ్యాంకు పుస్తకం కోసం బీరువా దాకా వెళ్లింది. తాళం తిప్పుతూ ఆగిపోయింది.

"వీడు నన్ను అమ్మా అన్నాడేమిటి?"

ఉమ్మడి కుటుంబాల్లో పెరిగినవాళ్లకు ఈ సంగతి వెంటనే అర్థమవుతుంది. ఇంట్లో మరుదులూ ఆడపడుచులూ పొద్దస్తమానం "వదినా, వదినా" అంటుంటే, అప్పుడే మాటలు నేర్చే పిల్లాడు కూడా కన్నతల్లిని వదినా అనే పిలుస్తాడు. మా తమ్ముడూ అంతే. ఉద్యోగం వచ్చింది, పెళ్లయింది, పిల్లలు పుట్టారు, అయినా వాడి నోట ఆ పిలుపు మారలేదు. ప్రాణం మీదికి వచ్చినా వాడు అరిచేది వదినా అనే. పిన్ని ఆ ఫోన్ పెట్టేసి, తన దగ్గరున్న కొడుకు నంబరుకు తనే చేసింది. రెండోసారికి ఎత్తాడు. నిద్రమత్తులోనే "ఏంటి వదినా, ఈ టైములో?" అన్నాడు. ఆ ఒక్క మాటకి పిన్ని కింద కూలబడి ఏడ్చిందట.

ఆ గొంతు ఎక్కడిది? మనిషిది కాదు, కంప్యూటరు తయారుచేసింది. కృత్రిమ మేధ, అందరూ ఏఐ అంటున్న విద్య, సైబర్ భద్రతను ఎలా తలకిందులు చేసిందో చెప్పాలంటే నేను ఈ గొంతు దగ్గరే మొదలుపెడతాను.

మిమిక్రీ మన తెలుగువాళ్లకు కొత్త కాదు. వరంగల్లు బిడ్డ నేరెళ్ల వేణుమాధవ్ గారిని ధ్వన్యనుకరణ సామ్రాట్ అని పిలుచుకున్నాం. 2001లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది, 2018లో కన్నుమూశారు. ఆ విద్య ఒక జీవితకాలపు సాధన. ఒక మనిషి గొంతు పట్టాలంటే ఎంతో కాలం విని, తన గొంతులో పలికించుకుని, మళ్లీ మళ్లీ దిద్దుకోవాలి. యంత్రం కూడా వినే నేర్చుకుంటుంది. కాకపోతే ఆ వినడమంతా ముందే అయిపోయి ఉంటుంది. వేలమంది మాట్లాడింది వేల గంటలపాటు విని, మనిషి గొంతు అనేది ఏయే తీరుల్లో ఉంటుందో అది పట్టేసుకుంటుంది: హెచ్చుతగ్గులు, ఊపిరి తీసే చోటు, ముక్కులోంచి పలికే పాలు, మాటకూ మాటకూ మధ్య విరామం. ఇక మీ గొంతు కావాలంటే మొదటి నుంచి నేర్చుకోనక్కర్లేదు. తనకు తెలిసిన వేల గొంతుల్లో మీది ఎక్కడ ఇముడుతుందో చూసుకుంటే చాలు. అందుకు ఓ చిన్న ముక్క సరిపోతుంది.

ఎంత చిన్నదంటే, 2023 జనవరిలో మైక్రోసాఫ్ట్ పరిశోధకులు వాల్-ఈ అనే నమూనా గురించి ప్రకటించారు. దానికి 60,000 గంటల ఇంగ్లిషు మాటలు వినిపించారు. ఆ తర్వాత ఎవరి గొంతైనా 3 సెకన్లు వినిపిస్తే, ఆ మనిషి ఎన్నడూ అనని మాటలు కూడా ఆ గొంతుతోనే పలికింది. దుర్వినియోగం అవుతుందన్న భయంతో ఆ సంస్థ దాన్ని జనానికి ఇవ్వలేదు. కానీ అదే విద్య తెలిసిన పనిముట్లు వేరేచోట్ల ఇప్పుడు ఎవరికి కావాలంటే వాళ్లకు దొరుకుతున్నాయి. గృహప్రవేశం వీడియోలో "అందరూ తప్పకుండా భోంచేసి వెళ్లండి" అన్న ఒక్క వాక్యం చాలు. ఇప్పుడు మీరు వింటున్న ఈ ప్రసంగంలోంచి ఏ ముక్క తీసుకున్నా నా గొంతుకు నకలు తయారవుతుంది. రేపెప్పుడైనా నా గొంతుతో మీకెవరైనా ఫోన్ చేసి డబ్బు సంగతి ఎత్తితే దయచేసి నమ్మకండి.

ఫోన్ కూడా ఈ మోసానికి తోడ్పడుతుంది. మామూలు టెలిఫోన్ లైను మన గొంతును యథాతథంగా మోసుకెళ్లదు. 300 నుంచి 3,400 హెర్ట్‌జుల మధ్య ఉన్న ధ్వనినే పంపి, పైనా కిందా కత్తిరించేస్తుంది. మాట అర్థం కావడానికి అది చాలు. కానీ నకలు గొంతులో అతుకులు ఎక్కడైనా ఉంటే అవి ఆ కత్తిరింపులో పోతాయి. మిగిలినవి ఏడుపులో, వెనకాల వినిపించే ట్రాఫిక్ రొదలో కలిసిపోతాయి. మోసగాళ్లు ఏడుపుతోనే మొదలుపెట్టడానికి కారణం మనల్ని కంగారుపెట్టడం ఒక్కటే కాదు.

గొంతు సంగతి అలా ఉంటే, భాష మాటేమిటి? కొన్నేళ్ల కిందటి దాకా దొంగ మెసేజీని మన తెలుగే పట్టిచ్చేది. "ప్రియమైన వినియోగదారు, మీ ఖాతా నిరోధించబడినది, దయచేసి క్లిక్ చేయి" అని వస్తే, ఇది మన బ్యాంకువాళ్ల భాష కాదని చదువుకున్నవాళ్లూ చదువుకోనివాళ్లూ నవ్వుకుని తీసేసేవాళ్లు. ఆ తప్పుల తెలుగే మన వాకిట్లో కాపలా కుక్క. ఆ కాపలా ఇప్పుడు లేదు. తెలుగు ముక్క రానివాడు కూడా ఎక్కడో కూర్చుని, కరెంటు ఆఫీసు రాసినట్టే, స్కూలు హెడ్మాస్టరు రాసినట్టే తెలుగులో రాయించుకోగలడు. గోదావరి యాస కావాలంటే ఆ యాసకు దగ్గరగా, కరీంనగర్ మాట కావాలంటే ఆ మాటకు దగ్గరగా. నన్ను ఎక్కువ బాధపెట్టేది ఇదే. మన భాష రాకపోవడం దొంగకు అడ్డంకిగా ఉండేది, ఆ అడ్డంకి మాయమైంది.

ఇదంతా పెద్దవాళ్లకూ, పల్లెటూళ్లవాళ్లకూ జరిగేది అనుకునేవాళ్లు ఉన్నారు. వాళ్లకోసం హాంకాంగ్ సంగతి చెప్తాను. ఆరప్ అని పేరున్న ఇంజనీరింగ్ సంస్థ. 2024 మొదట్లో అక్కడి ఆర్థిక విభాగం ఉద్యోగి ఒకరికి బ్రిటన్‌లోని పై అధికారి పేరుతో సందేశం వచ్చింది, రహస్యంగా డబ్బు పంపాలని. ఆ ఉద్యోగికి అనుమానం వచ్చింది, సబబైన అనుమానమే. తర్వాత వీడియో సమావేశానికి పిలిచారు. తెరమీద ఆ పై అధికారి ఉన్నాడు, తెలిసిన మరికొందరు సహోద్యోగులు ఉన్నారు. అనుమానం తీరిపోయింది. 15 విడతల్లో 20 కోట్ల హాంకాంగ్ డాలర్లు పంపించేశారు. మన లెక్కలో 200 కోట్ల రూపాయలకు పైనే. ఆ సమావేశంలో నిజమైన మనిషి ఈ ఉద్యోగి ఒక్కరే. మిగతా ముఖాలన్నీ యంత్రం గీసినవి.

అదే ఏడాది జులైలో ఇటలీలో మరొకటి జరిగింది. ఫెరారీ కార్ల కంపెనీ అధికారి ఒకరికి తమ సీఈఓ బెనెడెటో విన్యా గొంతుతో ఫోన్ వచ్చింది. దక్షిణ ఇటలీ యాసతో సహా గొంతు సరిపోయింది. ఎక్కడో ఒక శ్రుతి తేడాగా అనిపించి ఆ అధికారి ఒకటే అడిగాడు: మొన్న మీరు నన్ను చదవమన్న పుస్తకం పేరేమిటి? అవతల ఫోన్ పెట్టేశారు.

పెద్ద కంపెనీ అధికారికీ తెనాలిలో మా పిన్నికీ పనికొచ్చింది ఒకే సంగతి. ఇద్దరూ గొంతును పరీక్షించలేదు. ఆ మనిషికీ తమకూ మధ్య మాత్రమే ఉన్నదాన్ని పట్టుకున్నారు.

అందుకే నకిలీ వీడియోను కనిపెట్టే చిట్కాలంటూ వచ్చే వాటిమీద నాకు నమ్మకం లేదు. కనురెప్పలు ఆడుతున్నాయో లేదో చూడండి, వేళ్లు లెక్కపెట్టండి, పెదవులూ మాటా కలిశాయో గమనించండి అంటారు. నిన్న అవి నిజమే. యంత్రానికి తన తప్పు తెలిసిన రోజున ఆ తప్పు దిద్దుకుంటుంది, చిట్కా మాత్రం మన బుర్రలో అలాగే ఉండిపోతుంది. వేళ్లు ఐదే ఉన్నాయి కదా అని నమ్మేస్తాం.

ఇంతసేపూ దొంగల చేతిలో ఉన్న ఏఐ గురించే చెప్పాను. కాపలాదారుల చేతిలో కూడా అదే ఉంది. వెనకటికి పోలీస్ స్టేషన్ గోడమీద పాత నేరస్తుల ఫొటోలు ఉండేవి. కంప్యూటరు వైరస్‌లను పట్టడమూ చాలాకాలం ఆ పద్ధతిలోనే సాగింది. తెలిసిన దొంగను గుర్తుపట్టేది, కొత్తవాడిని లోపలికి వదిలేసేది. ఇప్పుడు ముఖం కాదు, నడవడి చూస్తున్నారు. మీ బ్యాంకు ఖాతానే తీసుకోండి. ఒకటో తారీఖున పెన్షన్ పడుతుంది, ఐదులోపు పాలబ్బాయికి, మందుల షాపుకి డబ్బు వెళ్తుంది, నెలకోసారి మనవరాలికి వెయ్యి. ఇది యంత్రానికి తెలిసిన మీ అలవాటు. ఒక రాత్రి రెండు గంటలకు, మీరెన్నడూ పంపని కొత్త ఖాతాకు నాలుగు లక్షలు కదిలితే అది ఉలిక్కిపడుతుంది, ఆపి మిమ్మల్ని అడుగుతుంది. ఒక్కోసారి స్థలం రిజిస్ట్రేషన్ రోజున మన సొంత డబ్బునే ఆపేసి విసిగిస్తుంది కూడా. ఆ విసుగును ఓర్చుకోమని నా మనవి.

దోచిన డబ్బు దొంగ సొంత ఖాతాకు వెళ్లదు. కమీషన్‌కు ఆశపడి తమ ఖాతాను అద్దెకిచ్చినవాళ్ల దగ్గరికి వెళ్తుంది. వీటినే మ్యూల్ ఖాతాలంటారు. ఏళ్ల తరబడి ఐదొందలు కూడా లేని ఖాతాలోకి హఠాత్తుగా పది ఊళ్ల నుంచి లక్షలు వచ్చి, నిమిషాల్లో బయటికి పోతుంటాయి. ఇలాంటివాటిని పసిగట్టడానికి రిజర్వు బ్యాంకు ఇన్నొవేషన్ హబ్ మ్యూల్‌హంటర్ అనే ఏఐ సాధనాన్ని తయారుచేసింది, బ్యాంకులు దాన్ని వాడుతున్నాయి. కాలేజీ పిల్లలున్న ఇళ్లలో ఒక్క మాట గట్టిగా చెప్పండి: స్నేహితుడు అడిగాడని ఖాతా, ఏటీఎం కార్డు, సిమ్ము ఇవ్వొద్దు. రేపు పోలీసులు వచ్చేది ఆ పిల్లాడి ఇంటికే.

దొంగ రాకముందే కన్నాన్ని వెతికి పూడ్చే పని కూడా యంత్రం చేస్తోంది. 2024 చివర్లో గూగుల్‌వారి బిగ్ స్లీప్ అనే ఏఐ, దాదాపు ప్రతి స్మార్ట్‌ఫోన్‌లోనూ ఉండే ఎస్‌క్యూలైట్ అనే సాఫ్ట్‌వేర్‌లో మనుషుల కంటపడని లోపాన్ని కనిపెట్టింది. ఆ లోపమున్న కొత్త కూర్పు జనం చేతికి వెళ్లకముందే సరిచేశారు. మన ఫోన్ "అప్‌డేట్ చేయమంటారా" అని అడిగేది ఇలాంటి కన్నాలు పూడ్చడానికే. రేపు చూద్దాంలే అని పక్కన పెట్టకండి. ఆ కన్నం కోసం అవతలివాడి యంత్రమూ వెతుకుతూనే ఉంటుంది.

ఇక మన ఇంటి సంగతి. అనుకోని ఫోన్ వచ్చి డబ్బు మాట ఎత్తితే, గొంతు ఎవరిదైనా సరే, పెట్టేసి మీ దగ్గరున్న పాత నంబరుకు మీరే చేయండి. మా పిన్ని చేసింది అదే. "ఎవరికీ చెప్పకు" అన్న మాట వినబడితే ఇంట్లో వాళ్లకు ముందు చెప్పండి. ఆ మాట మనల్ని ఒంటరిని చేయడానికే వాడతారు. పోలీసు దుస్తుల్లో వీడియో కాల్‌లో కనబడి, మీరు డిజిటల్ అరెస్ట్ అయ్యారు అంటే అది అబద్ధం. మన చట్టంలో అలాంటి అరెస్టే లేదని 2024 అక్టోబరు 27న మన్ కీ బాత్‌లో ప్రధాని కూడా రేడియోలోనే చెప్పారు.

డబ్బు పోతే సైబర్ నేరాల సహాయ నంబరు 1930కి ఫోన్ చేయండి. మర్నాడు కాదు, ఆ నిమిషాన. మొదటి ఖాతా నుంచి డబ్బు మరో పది ఖాతాలకు చీలిపోకముందే ఆపగలిగితే తిరిగి వచ్చే ఆశ ఉంటుంది. గంట గడిచేకొద్దీ ఆ ఆశ తరిగిపోతుంది. ఆ గంటను మింగేసేది చాలాసార్లు సిగ్గు. పిల్లలు ఏమంటారో, అల్లుడు ఏమనుకుంటాడో అని పెద్దవాళ్లు రెండు రోజులు లోలోపల కుమిలిపోయి అప్పుడు చెప్తారు. పిల్లలకు నా విన్నపం: "ఇంత చదువుకుని ఎలా నమ్మావు నాన్నా" అని ఒక్కసారి కూడా అనకండి. వీడియో సమావేశంలో 200 కోట్లు పంపించిన మనిషి కూడా కళ్లు తెరుచుకునే ఉన్నాడు.

ఈ రాత్రి భోజనాల దగ్గర మరో పని చేయండి. ఇంటిల్లిపాదికీ తెలిసిన ఒక మాట అనుకోండి. ఆపద అంటూ ఫోన్ వస్తే ముందు అడగాల్సిన మాట. పుట్టినరోజు, కుక్క పేరు పనికిరావు, అవి ఎప్పుడో ఫేస్‌బుక్‌లోకి ఎక్కి ఉంటాయి. చిన్నప్పుడు చెట్టెక్కి పడ్డవాడెవడో, తాతయ్య పెరుగన్నంలో ఏం నంజుకునేవాడో, అలాంటిది. ఎక్కడా రాసుకోకండి, మెసేజీలో పంపకండి.

వదినా అన్న పిలుపు గురించి ఈ రోజు రేడియోలో చెప్తానని పిన్నిని ముందే అడిగాను. చెప్పమంది. మరి ఇంతమందికి తెలిసిపోతుంది కదా అన్నాను. తల్లీకొడుకులు ఇద్దరూ ఇంకో మాట అనుకున్నారట. అదేమిటో నాకు చెప్పలేదు.