మైకు అందుకున్న చంద్రా నాయుడు



హొసూరులో తెలుగు సభ పెట్టుకుని ఇండోరు ఆడపడుచు చంద్రా నాయుడు గురించి చెప్పడమేమిటని మీలో కొందరు అనుకుంటూ ఉండవచ్చు. ఆ ఇల్లూ మన ఇళ్ల లాంటిదే. ఆమె తండ్రి, క్రికెట్ ఆటగాడు సి.కె. నాయుడు పూర్వీకులది బందరు. ఆయన పుట్టింది నాగపూరులో, 1923లో హోల్కర్ మహారాజు పిలిస్తే వెళ్లి స్థిరపడింది ఇండోరులో. చుట్టూ మరాఠీ, హిందీ, ఇంటిపేరు మాత్రం తెలుగు. తమిళంలో బడి, కన్నడంలో బేరం, తెలుగులో కాపురంగా బతికే కృష్ణగిరి జిల్లావాళ్లకు ఈ సంగతి విడమరిచి చెప్పనక్కర్లేదు.

1932 జూన్ 25న లార్డ్స్‌లో భారతదేశం తొలి టెస్టుకు దిగినప్పుడు కెప్టెన్ నాయుడుగారే. ఆ మరుసటి ఏడాది పుట్టిన కూతురు చంద్ర. ఆమె ఇంగ్లీషు చెప్పే అధ్యాపకురాలై, ఇండోరులో ప్రభుత్వ బాలికల కళాశాల ప్రిన్సిపాలుగా పదవీ విరమణ చేశారు. 1970ల రెండో సగంలో ఇంగ్లండు నుంచి వచ్చిన ఎం.సి.సి. జట్టు ఇండోరులో జాతీయ చాంపియన్ బొంబాయితో ఆడినప్పుడు వ్యాఖ్యాతగా మైకు ముందు కూర్చున్నారు. దేశంలో క్రికెట్ వ్యాఖ్యానం చేసిన తొలి మహిళగా ఆమెను చెప్పుకుంటారు.

నాన్న పేరుతో వచ్చిన అవకాశమే కదా అంటారేమో. ఆ పేరు ఉపకరించే ఉంటుంది, దాచడమెందుకు? అయితే పేరు తలుపు తీస్తుందే గాని, పూటంతా మాట్లాడి పెట్టదు. ఆటంటే దేశానికి ప్రధానంగా రేడియోనే అయిన కాలమది. బౌలర్ ఏ చివరి నుంచి వస్తున్నాడు, స్లిప్‌లో ఎందరున్నారు, బంతి ఎటు పోయింది, స్కోరెంత, ఇవన్నీ వినేవాడికి చెవిలోనే కట్టి చూపించాలి. రెండు బంతుల మధ్య ఖాళీని నింపాలి. తరగతి గదిలో పాఠం చెప్పిన గొంతుకు ఈ పని మరీ కొత్త కాదనుకుంటాను. తండ్రి మీద 1995లో ఆమె ఇంగ్లీషులో ఒక పుస్తకం కూడా రాశారు. 2021 ఏప్రిల్ 4న ఇండోరులోనే కన్నుమూశారు.

నన్ను వేధించేది ఆమె తరువాతి సంగతి. తొలి మహిళ అని రాసుకున్నాం, చప్పట్లు కొట్టాం, ఊరుకున్నాం. ఆ దారిన రెండో మనిషి, మూడో మనిషి వరసగా రాలేదు. 1982 ఢిల్లీ ఆసియా క్రీడలతో రంగుల టీవీ వచ్చింది. 1990ల్లో ఉపగ్రహ ఛానళ్లు వచ్చాయి. ఇంటింటికీ ఆట వచ్చింది గాని, వ్యాఖ్యాతల గదిలో కుర్చీలు మారలేదు.

2003 ప్రపంచకప్పుకు సోనీ మాక్స్ వాళ్లు నటి మందిరా బేడీని కార్యక్రమం నడిపించడానికి కూర్చోబెట్టారు. దేశమంతా ఆమె జాకెట్టు గురించి మాట్లాడిందే గాని, అడిగిన ప్రశ్న గురించి మాట్లాడలేదు. పక్కన కూర్చున్న మాజీ ఆటగాళ్లు తన మాట పట్టించుకునేవారు కాదని ఆవిడే తరవాత చెప్పుకున్నారు. నాకు తోచినంతలో, ఇంట్లో అమ్మలూ అక్కలూ అడగాలనుకుని మొహమాటపడిన ప్రశ్నలనే ఆమె అడిగారు. ఆటకు కొత్త ప్రేక్షకులు కావాలని ఆశపడిన ఛానెలు, ఆ ప్రేక్షకుల తరఫున అడిగిన మనిషికి మాత్రం మర్యాద సంపాదించిపెట్టలేకపోయింది.

ఆట ఆడిన ఆడవాళ్లే మాట్లాడే రోజు ఇంకా ఆలస్యంగా వచ్చింది. 2015 ఐపీఎల్‌లో అంజుమ్ చోప్రా, ఈషా గుహా, మెలనీ జోన్స్, లీసా స్థలేకర్ వ్యాఖ్యాతల గదిలోకి వచ్చారు. అంజుమ్ భారత జట్టుకు మాజీ కెప్టెన్. వంద వన్డేలు ఆడిన తొలి భారతీయ మహిళ. ఆమెకు ఆట తెలుసా అని అడిగే ధైర్యం ఎవరికుంది? టీవీ వ్యాఖ్యానం రేడియోకు తలకిందులైన పని. బొమ్మ కనిపిస్తూనే ఉంటుంది, కాబట్టి కనిపించనిది చెప్పాలి. ఫీల్డరును రెండడుగులు ఎందుకు జరిపారో ఆడినవాళ్లకే చప్పున తడుతుంది. ఎప్పుడు నోరు మూసుకోవాలో తెలియడం అన్నిటికంటే కష్టం. మన మగ వ్యాఖ్యాతల్లోనూ అది కొందరికే వచ్చింది, ఆ మాట ఇక్కడితో వదిలేస్తాను.

ఇక మన భాష. హొసూరులో ఒకప్పుడు ఆంటెనా ఎటు తిప్పినా వచ్చేది కన్నడమో తమిళమో. ఆట మాటలు హిందీలోనో ఇంగ్లీషులోనో వినాలి. 2018 డిసెంబరులో స్టార్ స్పోర్ట్స్ తెలుగు ఛానెలు మొదలైంది. వింధ్య విశాఖ లాంటివాళ్లు ఐపీఎల్‌కూ కబడ్డీకీ తెలుగులో కార్యక్రమాలు నడిపించారు. ఒక భాషలో ఛానెలు పెడితే ఆ భాషలో మనుషులు కావాలి. ఆడపిల్లలకు చోటు దొరికింది సంస్కరణ వల్ల కంటే ఈ అవసరం వల్లనే ఎక్కువ. అలా దొరికినా నాకు అభ్యంతరం లేదు.

అయితే ఆ తెలుగు అచ్చంగా ఒక్క తీరుది. డెంకణికోట, సూళగిరి పల్లెల మాట అందులో వినపడదు. 2025 నవంబరు 2న నవీ ముంబైలో మన ఆడపిల్లలు ప్రపంచకప్పు గెలిచారు. ఆ జట్టులో కడప జిల్లా స్పిన్నరు శ్రీచరణి ఉంది. ఆ అమ్మాయి బంతిని కడప యాసలో వర్ణించే గొంతు, మన యాసలో వర్ణించే గొంతు రెండూ ఉండాలని కోరుకోవడం అత్యాశ కాదు.

ఈ సభ పెద్దలను ఒక్కటి అడుగుతాను. సంక్రాంతికి మన ఊళ్లలో కబడ్డీ పోటీలు పెడతారు కదా. మైకు ఎప్పుడూ బాగా కేకలేసే అన్నకే ఇస్తారు. ఈసారి స్కోరు రాయడం నేర్చిన ఒక పదో తరగతి ఆడపిల్లకు ఇవ్వండి. మొదటి పూట తడబడుతుంది. రెండో పూటా ఆ పిల్లకే ఇవ్వండి.