మూగ తెరపై ఆవిరి నాగలి

ఆవిరి ఇంజన్లతో పొలం దున్నడం, కుప్ప నూర్చడం చూపిన తొలినాటి మూగ చిత్రాలు కొన్ని నేటికీ మిగిలాయి. పొగ గుప్పుమంటుంది, చప్పుడు మాత్రం వినపడదు. తమాషా ఏమిటంటే, ముందుకు తిరిగే ఇంజను చక్రం ఒక్కోసారి తెరమీద వెనక్కి తిరుగుతున్నట్టుంటుంది. బొమ్మకూ బొమ్మకూ మధ్య చక్రం ఆకులు దాదాపు మొదటి చోటికే చేరేసరికి కన్ను మోసపోతుంది.

ఇంగ్లండులో జాన్ ఫౌలర్ పద్ధతిలో ఇంజను పొలంలోకి దిగదు. చెరో గట్టున ఒక్కో ఇంజను, మధ్యన ఉక్కు తాడు, తాడుకు నాగలి. ఒకటి లాగుతుంటే రెండోది తాడు వదులుతుంది. తెలివైన ఏర్పాటే! వాన పడ్డాక మన పర్చూరు నల్లరేగడిలో అంత బరువు దిగితే ఇరుసుదాకా కూరుకుపోదూ?

సినిమా పుట్టకముందే, 1860లలో, మద్రాసు గవర్నరు విలియం డెనిసన్ ఆవిరి నాగళ్లు తెప్పించాడు. సైదాపేట ప్రభుత్వ క్షేత్రంలో వాటిని పరీక్షకు పెట్టారు. మామూలు రైతుకు అవి అందేవి కావు. బొగ్గూ నీళ్లూ తోలడానికే ఒక జత ఎడ్లు కావాలి, ఆ జతతోనే దున్నుకుంటే పోలా?

కదిలే బొమ్మలు మాత్రం జనానికి అందాయి. మచిలీపట్నంలో పుట్టిన రఘుపతి వెంకయ్య 1910 ప్రాంతంలో క్రోనోమెగాఫోన్ తెప్పించి మద్రాసులో ప్రదర్శనలిచ్చారు. గ్రామఫోను పాటను బొమ్మతో జతచేసే యంత్రం అది.