14 టీములు, ఒక కర్వ్‌బాల్: రిచ్ హిల్ కథ

ఈ రోజు ఎపిసోడ్ క్రికెట్ కాదు, బేస్‌బాల్. ఆగండి ఆగండి, స్కిప్ కొట్టకండి. రూల్స్ ఒక్కటి తెలియకపోయినా పర్లేదు, కావాల్సినంత వరకు మధ్యలో నేనే చెప్తా. ఎందుకంటే ఇది ఆట కన్నా ఉద్యోగం గురించి ఎక్కువ.

రిచ్ హిల్ అని ఒక పిచర్ ఉన్నాడు. పిచర్ అంటే మన బౌలర్ అనుకోండి, లెఫ్ట్ హ్యాండ్. 1980లో పుట్టాడు. బోస్టన్ పక్కన మిల్టన్ అనే ఊరు. 2005లో మేజర్ లీగ్‌లో మొదటి మ్యాచ్. 2025లో, 45 ఏళ్ల వయసులో, మళ్లీ మేజర్ లీగ్‌లో మ్యాచ్ ఆడాడు. ఈ మధ్యలో ఎన్ని టీములకి ఆడాడో తెలుసా? 14. మొత్తం లీగ్‌లో ఉన్నవే 30 టీములు. అంటే దాదాపు సగం జెర్సీలు ఈయన బీరువాలో ఉన్నట్టే.

ఇలాంటి ఆటగాళ్లని అక్కడ జర్నీమ్యాన్ అంటారు. వినగానే జర్నీ, అంటే ప్రయాణం అనిపిస్తుంది కదా? అసలు సంగతి అది కాదు. ఫ్రెంచ్‌లో జూర్నే అంటే ఒక రోజు. పాత రోజుల్లో పని నేర్చుకోవడం అయిపోయి, సొంత దుకాణం మాత్రం లేని పనివాడికి రోజు లెక్కన కూలి ఇచ్చేవాళ్లు. అతనే జర్నీమ్యాన్. అంటే రోజు కూలీ. పని వచ్చు, కానీ పని చోటు తనది కాదు.

ఇందులో ఒక తమాషా ఉంది. మేజర్ లీగ్‌లో ఇప్పటికీ లెక్క రోజుల్లోనే. సర్వీస్ టైమ్ అంటారు. మేజర్ లీగ్ రోస్టర్‌లో 172 రోజులుంటే ఒక ఏడాది సర్వీస్ కింద లెక్క. 43 రోజులుంటే కొంత పెన్షన్‌కి అర్హత వస్తుంది. ఇక కింద మైనర్ లీగ్స్ ఉంటాయి. అందులో పై మెట్టు పేరు ట్రిపుల్ ఏ. 2023లో మేజర్ లీగ్ కనీస జీతం ఏడాదికి 7,20,000 డాలర్లు. అదే ఏడాది ట్రిపుల్ ఏ కనీస జీతం 35,800 డాలర్లు. ఇరవై రెట్లు తేడా అండి! బంతి అదే, దూరం అదే, 60 అడుగుల 6 అంగుళాలు. మన ఐటీలో బెంచ్ మీద కూర్చోబెట్టినా జీతం పడుతుంది. అక్కడ బెంచ్ అంటే వేరే ఊరు, వేరే జీతం.

డీఎఫ్ఏ అని ఇంకో మాట ఉంది. డెజిగ్నేటెడ్ ఫర్ అసైన్‌మెంట్. పేరు చూస్తే ఏదో ప్రమోషన్ లాగా ఉంటుంది. అసలు అర్థం ఏంటంటే, నీ పేరు లిస్టులోంచి తీసేశాం, వారం రోజుల్లో నిన్ను అమ్మాలో, కిందికి పంపాలో, వదిలేయాలో చూస్తాం. ఇలాంటి పేర్లు పెట్టడంలో హెచ్ఆర్ డిపార్ట్‌మెంట్లు ప్రపంచమంతా ఒకటే.

సరే, హిల్ దగ్గరికి వద్దాం. మిషిగన్ యూనివర్సిటీలో చదివాడు. 2002లో షికాగో కబ్స్ డ్రాఫ్ట్ చేసింది. 2007 సీజన్ బ్రహ్మాండంగా వెళ్లింది. 195 ఇన్నింగ్స్ వేశాడు, 183 మందిని స్ట్రైకవుట్ చేశాడు. స్ట్రైకవుట్ అంటే బ్యాటర్‌ని నువ్వొక్కడివే, ఫీల్డర్ల సాయం లేకుండా, అవుట్ చేయడం. అప్పుడు వయసు 27. ఇంక సెటిల్ అయిపోయాడు అనుకుంటాం కదా? 2008లో బంతి కంట్రోల్ తప్పింది. ఐదు మ్యాచ్‌లు స్టార్ట్ చేశాక మైనర్స్‌కి పంపేశారు. 2009లో బాల్టిమోర్, అక్కడ భుజానికి సర్జరీ. 2010లో బోస్టన్. అక్కడ చేతిని కిందికి దించి, పక్క నుంచి విసిరే స్టయిల్‌కి మారాడు. అంటే ముప్పై ఏళ్ల వయసులో బౌలింగ్ యాక్షన్ మార్చాడన్నమాట. అది పని చేసింది! 2011లో 8 ఇన్నింగ్స్ వేసి ఒక్క రన్ ఇవ్వలేదు. వెంటనే మోచెయ్యి పోయింది. టామీ జాన్ సర్జరీ, అంటే మోచేతిలో చిరిగిన లిగమెంట్ బదులు వేరే చోటి నుంచి తీసిన టెండన్ పెట్టి కుడతారు. కోలుకోవడానికి ఏడాది, ఒక్కోసారి ఇంకా ఎక్కువ.

మన దగ్గర రెండేళ్లకోసారి కంపెనీ మారితే జాబ్ హాపర్ అంటారు. నేను కోడ్ రాసే రోజుల్లో ఈ మాట చాలాసార్లు విన్నా. హాపర్ అంటే తనంతట తాను గెంతేవాడు. హిల్ విషయంలో గెంతడం తక్కువ, నెట్టడం ఎక్కువ. పేపర్ మీద మాత్రం రెండూ ఒకేలా కనిపిస్తాయి.

ఇప్పుడు 2014. ఇది చెప్పడం కొంచెం కష్టం. ఆ ఏడాది ఫిబ్రవరిలో హిల్ దంపతుల రెండో కొడుకు చనిపోయాడు. రెండు నెలలు కూడా నిండలేదు. పుట్టుకతోనే కిడ్నీలు, మెదడు సమస్యలు. దీని గురించి హిల్ తర్వాత బయట మాట్లాడాడు కాబట్టి చెప్తున్నా, ఇంతకన్నా లోపలికి వెళ్లను. ఆ ఏడాది కూడా ఆయన బంతి విసరడానికి వెళ్లాడు. జులైలో లాస్ ఏంజెలెస్ ఏంజెల్స్ తీసుకుంది. అక్కడ రెండు మ్యాచ్‌లు, నలుగురు బ్యాటర్లు. ఒక్కరినీ అవుట్ చేయలేకపోయాడు. బేస్‌బాల్‌లో ఈఆర్ఏ అని ఉంటుంది, తొమ్మిది ఇన్నింగ్స్‌కి సగటున ఎన్ని రన్స్ ఇచ్చావు అని. ఒక్క అవుట్ కూడా లేకపోతే కింద సున్నాతో భాగించాలి. అందుకే ఏంజెల్స్ తరఫున ఈయన ఈఆర్ఏ దగ్గర అనంతం గుర్తు ఉంటుంది. డివైడ్ బై జీరో! కోడర్లకి నవ్వొస్తుంది. ఆ ఏడాది ఆ ఇంట్లో ఏం జరిగిందో తెలిశాక నాకు నవ్వు రాలేదు.

తర్వాత యాంకీస్‌కి కొన్ని ఇన్నింగ్స్. 2015లో వాషింగ్టన్ వాళ్ల ట్రిపుల్ ఏ టీమ్. జూన్‌లో అదీ అయిపోయింది. వయసు 35. చేతిలో టీమ్ లేదు. సొంతూరు మిల్టన్‌లో, టీనేజ్ పిల్లలు ఆడే టీమ్‌తో కలిసి ప్రాక్టీస్ చేశాడు. ఊహించుకోండి, ఒకప్పుడు మేజర్ లీగ్‌లో ఏడాదికి 183 స్ట్రైకవుట్లు తీసినవాడు, హైస్కూల్ వయసు పిల్లల పక్కన నిలబడి బంతి విసురుతున్నాడు.

అక్కడి నుంచి లాంగ్ ఐలాండ్ డక్స్ అనే ఇండిపెండెంట్ టీమ్‌లో చేరాడు. ఇండిపెండెంట్ అంటే అప్పట్లో ఏ మేజర్ లీగ్ టీమ్‌తోనూ సంబంధం లేని లీగ్. ట్రిపుల్ ఏ కన్నా ఇంకో మెట్టు కింద అనుకోండి. ఇక్కడ ఒక నిర్ణయం తీసుకున్నాడు, నా దృష్టిలో ఈ కథలో అసలైన పాయింట్ ఇదే. ఏళ్లుగా ఆయన్ని రిలీవర్‌గా వాడుతున్నారు, అంటే మధ్యలో వచ్చి ఒకరిద్దరు లెఫ్ట్ హ్యాండ్ బ్యాటర్లకి వేసి వెళ్లిపోవడం. చేతులెత్తేసే వయసులో ఆయన మళ్లీ స్టార్టర్ అవుతా అన్నాడు. మ్యాచ్ మొదలుపెట్టి, ఆరేడు ఇన్నింగ్స్ లాగే పని. డక్స్‌కి రెండు మ్యాచ్‌లు వేశాడు. 11 ఇన్నింగ్స్, సున్నా రన్స్, 21 స్ట్రైకవుట్లు. బోస్టన్ మళ్లీ పిలిచింది.

అక్కడ బ్రయాన్ బానిస్టర్ ఉన్నాడు. ఈయన కూడా మాజీ పిచర్, అప్పుడు బోస్టన్‌లో డేటా చూసే పని. హిల్ కర్వ్‌బాల్ స్పిన్ నంబర్లు చూసి, ఇంత మంచి బంతి నీ చేతిలో ఉంటే ఇంత తక్కువ వాడతావేంటి అన్న దారిలో మాట్లాడాడు. కర్వ్‌బాల్ అంటే ఏంటో చెప్తా. మామూలు ఫాస్ట్‌బాల్‌కి బ్యాక్‌స్పిన్ ఉంటుంది, గాలి దాన్ని కాస్త పైకి పట్టుకుంటుంది. కర్వ్‌బాల్‌కి టాప్‌స్పిన్. గాలి దాన్ని కిందికి తోస్తుంది, గ్రావిటీ ఎలాగూ లాగుతుంది. మన స్పిన్నర్ బంతి ఫ్లైట్‌లోనే డిప్ అవుతుంది చూడండి, అదే ఫిజిక్స్. కాకపోతే ఇక్కడ పిచ్ పడి తిరగడం ఉండదు, మాయ అంతా గాల్లోనే.

అప్పటివరకు పాఠం ఏంటంటే, ముందు ఫాస్ట్‌బాల్‌తో దారి వేసుకో, కర్వ్ అప్పుడప్పుడు సర్‌ప్రైజ్‌గా వెయ్. హిల్ దాన్ని తిరగేశాడు. 2016కి వచ్చేసరికి ఆయన బంతుల్లో దాదాపు సగం కర్వ్‌బాల్సే. ఒకే గ్రిప్, కానీ ఒకటి నెమ్మదిగా, ఒకటి కాస్త వేగంగా, ఒకటి చేతిని దించి పక్క నుంచి. ఆ పక్క నుంచి విసరడం ఎక్కడ నేర్చుకున్నాడు? 2010లో, వేరే దారి లేక మార్చుకున్న యాక్షన్ అది. ఫాస్ట్‌బాల్ గంటకి 90 మైళ్లు, అంటే సుమారు 145 కిలోమీటర్లు. ఆ లీగ్‌లో అది స్లో. కానీ బ్యాటర్ కర్వ్ కోసం ఎదురుచూస్తున్నప్పుడు ఆ 90 కూడా 95 లాగా కనిపిస్తుంది.

2015 సెప్టెంబర్ 13, టాంపా బే మీద మ్యాచ్. 2009 తర్వాత మేజర్ లీగ్‌లో మొదటి స్టార్ట్. 7 ఇన్నింగ్స్, 1 హిట్, 10 స్ట్రైకవుట్లు. ఆ నెలలో మొత్తం నాలుగు మ్యాచ్‌లు, 29 ఇన్నింగ్స్, 36 స్ట్రైకవుట్లు. నాలుగే నాలుగు మ్యాచ్‌లు! వాటిని చూసి ఓక్లాండ్ 6 మిలియన్ డాలర్లకి ఏడాది కాంట్రాక్ట్ ఇచ్చింది. మధ్యలో డాడ్జర్స్‌కి ట్రేడ్. 2016 డిసెంబర్‌లో డాడ్జర్స్‌తో మూడేళ్లకి 48 మిలియన్ డాలర్లు. ఏడాదిన్నర ముందు ఈయన ఊరి పిల్లలతో ప్రాక్టీస్ చేస్తున్నాడు.

ఇక్కడ ఆపేస్తే సినిమా అయిపోతుంది. కానీ హిల్ కెరీర్‌లో సినిమా క్లైమాక్స్ ఎప్పుడూ కుదరదు. 2016 సెప్టెంబర్, మయామీ. 7 ఇన్నింగ్స్ పర్ఫెక్ట్, అంటే 21 మంది వచ్చారు, 21 మందీ అవుట్. మొత్తం 27 మందిని ఇలా పంపితే పర్ఫెక్ట్ గేమ్ అంటారు, 140 ఏళ్లు దాటిన లీగ్ చరిత్రలో పాతికకి మించి లేవు. హిల్ వేలికి బొబ్బలొచ్చే సమస్య ఉండేది, అది మళ్లీ ముదురుతుందేమో అని మేనేజర్ డేవ్ రాబర్ట్స్ 89 బంతుల దగ్గర తీసేశాడు. ప్లేఆఫ్స్ ముందున్నాయి. లాజిక్ కరెక్టే. కానీ నేనైతే ఆ డగౌట్‌లో కూర్చోలేకపోయేవాణ్ణి.

తర్వాతి ఏడాది ఆగస్ట్ 23, పిట్స్‌బర్గ్. ఈసారి 8 ఇన్నింగ్స్ పర్ఫెక్ట్, 24కి 24. తొమ్మిదో ఇన్నింగ్స్ మొదటి బ్యాటర్ బంతి నేల మీద థర్డ్ బేస్ వైపు పోయింది. అక్కడ లోగన్ ఫోర్సైత్ పట్టలేకపోయాడు. పర్ఫెక్ట్ గేమ్ పోయింది. హిట్ మాత్రం ఇంకా లేదు. డాడ్జర్స్ బ్యాటర్లు తొమ్మిది ఇన్నింగ్స్‌లో ఒక్క రన్ కొట్టలేదు, అది వేరే బాధ. పదో ఇన్నింగ్స్‌కి హిల్ మళ్లీ వచ్చాడు. జాష్ హారిసన్ హోమ్ రన్ కొట్టాడు. 1-0, మ్యాచ్ అయిపోయింది. ఎక్స్‌ట్రా ఇన్నింగ్స్‌లో ఒక్క హోమ్ రన్‌తో నో హిటర్, మ్యాచ్ రెండూ ఒకేసారి పోగొట్టుకున్న పిచర్ మేజర్ లీగ్ చరిత్రలో ఇంకొకరు లేరు. మ్యాచ్ తర్వాత మాట్లాడుతూ ఎవర్నీ వేలెత్తి చూపలేదు, ఓటమి తన చివరి బంతి మీదే వేసుకున్నాడు.

ఆ తర్వాత మిన్నెసోటా, టాంపా బే, మెట్స్, మళ్లీ బోస్టన్, పిట్స్‌బర్గ్, శాన్ డియాగో. 2024లో సగం సీజన్ కావాలనే ఆగాడు, కొడుకు టీమ్‌కి కోచింగ్ ఇవ్వడానికి. ఆగస్ట్‌లో బోస్టన్‌లో మళ్లీ చేరాడు. ఇది మాత్రం ఎవరూ నెట్టింది కాదు, ఆయన పెట్టుకున్న షరతు.

2025లో కాన్సస్ సిటీ రాయల్స్ మైనర్ లీగ్ కాంట్రాక్ట్ ఇచ్చింది. జులై 22న పైకి పిలిచారు. మ్యాచ్ ఎక్కడ? షికాగో, రిగ్లీ ఫీల్డ్. ఇరవై ఏళ్ల కింద ఈయన కెరీర్ మొదలుపెట్టిన కబ్స్ మీదే. ఐదు ఇన్నింగ్స్ వేశాడు. దాంతో 14 టీములు, ఎడ్విన్ జాక్సన్ పేరు మీదున్న రికార్డు సమం. జాక్సన్ కథ ఇంకో ఎపిసోడ్‌కి సరిపోతుంది. ఒక నో హిటర్‌కి ఆయన 149 బంతులు వేశాడు, ఇప్పటికి ఇంతే చెప్తా.

మొత్తం ఇరవై ఒక్క సీజన్లకి హిల్ గెలిచిన మ్యాచ్‌లు 90. హాల్ ఆఫ్ ఫేమ్ నంబర్ కాదు. వారం తర్వాత అట్లాంటా మీద రెండో మ్యాచ్ ఆడాడు, అది సరిగ్గా వెళ్లలేదు. మర్నాడు డీఎఫ్ఏ.

ఓకే, టైమ్ అయిపోయింది. మీకు తెలిసిన జర్నీమ్యాన్ ఎవరైనా ఉంటే, ఆటలో అయినా ఆఫీసులో అయినా, కింద రాయండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.