వంగ చలనచిత్రములలో ప్రేమ



1953వ సంవత్సరమున వెలువడిన తెలుగు 'దేవదాసు'ను చూచి కంట తడిపెట్టనివారు మనలో అరుదు. నేనును ఆ కోవలోనివాడనే. కథ శరత్‌బాబుది, దానిని 1935లోనే ప్రమథేశ్ బారువా న్యూ థియేటర్సువారికై వంగభాషలో చిత్రించెను. దేవదాసు పార్వతి యింటి ముంగిట ప్రాణము విడుచును. ఆమె పరుగున వచ్చుసరికి తలుపులు మూతపడును. బహుకాలము నేను తలుపునకు వెలుపల పడియున్నవానికొఱకే దుఃఖించితిని. లోపల మిగిలిన యామె గతి యేమని యడుగుట నాకు నేర్పినవి తరువాతి వంగ చిత్రములే.

1957లో అజయ్ కర్ తీసిన 'హారానో సుర్'లో నాయిక సుచిత్రాసేన్ వైద్యురాలు. స్మృతి తప్పిన నాయకునికి చికిత్స చేసి, అతనినే పెండ్లాడును. పూర్వస్మృతి కలిగినంతనే యతడు ఆమెను మఱచును. ఉత్తమకుమార్ ధరించిన పాత్ర యిది. ఆమె యేడ్చుచు కూర్చుండక, అతని యింటనే పిల్లకు చదువు చెప్పు కొలువున చేరును. పార్వతికి మూతపడిన తలుపును ఈమె తానే తట్టినది. అయినను పతిని తిరిగి పొందుటతో ఆ కథయు ముగిసినది.

పెండ్లితో ప్రేమకథ ముగియునా? సత్యజిత్ రాయ్ ఈ ప్రశ్ననే చేపట్టెను. 'మహానగర్' (1963)లో ఆరతి సంసారమును పోషించుటకై యుద్యోగమునకు పోవును; పొమ్మన్న భర్తయే పిదప శంకించును. రవీంద్రుని 'నష్టనీడ్' ననుసరించిన 'చారులత' (1964)లో భర్త భూపతి సజ్జనుడే. కాని పత్రికాపనిలో మునిగి భార్య యొంటరితనమును గుర్తింపడు. ఆమె మనస్సు అతనికి తమ్ముని వరుసయగు అమలునివైపు మొగ్గును. తుదకు భర్త గుమ్మమున నిలువగా ఆమె చేయి చాచును. చేతులు కలియకముందే దృశ్యము నిలిచిపోవును. ఇచ్చట తలుపు తెఱచియే యున్నది; దాటుటయే కష్టము.

2014లో ఆదిత్య విక్రమ్ సేన్‌గుప్తా తీసిన 'ఆషా జావార్ మాఝే' పేరునకు రాకపోకల నడుమ అని యర్థము. కలకత్తాలో భార్య పగలు చేతిసంచుల కర్మాగారమునను, భర్త రాత్రి ముద్రణాలయమునను పనిచేయుదురు. వారు కలిసికొనుటకు దినమునకు కొన్ని నిమిషములే. వారి నడుమ మాటలు లేవు. ఒకరు ముగించియుంచిన యింటిపనియే మఱియొకరికి ప్రేమలేఖ.

దేవదాసు ప్రేమకై మరణించెను. ఈ దంపతులు ప్రేమకై పనికి పోవుచున్నారు. మరణము ఒక్కసారిదే, ఇది ప్రతిదినము చేయవలసినది. నేటికిని 'దేవదాసు' చూచినచో నా కన్నులు చెమర్చును. కాని నా చూపిపుడు ఆ తలుపు లోపలికి పోవుచున్నది.