బొంబాయి ఏలిన మనోడు – పైడి జైరాజ్
(ఇటిక్యాల సభలో చేసిన ప్రసంగ పాఠం)



నడిగడ్డలో బొంబాయి పేరు ఎత్తితే మనకు యాదికొచ్చేది వలస. కృష్ణ, తుంగభద్ర నడుమ ఉండి కూడా తాపీ, తట్ట పట్టుకొని ముంబై బస్సెక్కిన పాలమూరు బతుకు మనది. అదే బొంబాయికి 1929లో ఇంకో తెలంగాణ బిడ్డ పోయిండు. పోయి హిందీ తెర మీద హీరో అయిండు. ఆయనే కరీంనగర్ బిడ్డ పైడి జైరాజ్.

1909 సెప్టెంబర్ 28న పుట్టిండు. హైదరాబాద్ నిజాం కాలేజీల చదువుకున్నడు. సరోజినీ నాయుడు కుటుంబానికి దగ్గరి చుట్టం. బొంబాయి చేరిన ఏడాదే మూకీ సినిమాల్లోకి వచ్చిండు. 1931లో 'ఆలం ఆరా'తో సినిమాకు మాట వచ్చింది. అప్పటిదాకా మొఖం చూపి నెట్టుకొచ్చిన ఎందరో నటులు, హిందుస్తానీ పలుకలేక వెనుకబడ్డరు. జైరాజ్ నిలబడ్డడు. 1932లో 'షికారీ'తో టాకీల్లోకి అడుగు పెట్టిండు. హైదరాబాద్ గడ్డ మీద తెలుగూ ఉర్దూ కలిసి పెరిగిన నాలుక ఆయనది. ఏ భాషను 'తౌరక్యాంధ్రం' అని ఎక్కిరించిన్రో, ఏ యాసను తెలుగు సినిమా ఏండ్ల తరబడి రౌడీలకు, నవ్వులాటకు వాడుకున్నదో, ఆ భాష పుట్టిన నేలే జైరాజ్‌కు బలమిచ్చింది.

1938లో బాంబే టాకీస్ వారి 'భాభీ'. 1943లో 'హమారీ బాత్'ల దేవికారాణి పక్కన హీరో. 1956లో హోమీ వాడియా తీసిన 'హాతింతాయి'. టిప్పు సుల్తాన్, పృథ్వీరాజ్ చౌహాన్, అమర్‌సింగ్ రాథోడ్, చంద్రశేఖర్ ఆజాద్ – చరిత్ర పురుషుడంటే జైరాజే వెయ్యాలె అన్న పేరు తెచ్చుకున్నడు. దర్శకత్వం చేసిండు, నిర్మాత అయిండు. వయసు మీదపడ్డా కెమెరా ఇడువలే. 1975 'షోలే'ల పోలీసు అధికారిగ కనిపించేది ఆయనే. 1980 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు వచ్చింది. 2000 ఆగస్టు 11న ముంబైల కన్నుమూసిండు.

మరి తెలుగు సినిమాకు ఎందుకు రాలేదు? ఎవరో అడ్డం పడ్డరని నేను అనను. మొదటి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' 1932లో వచ్చేనాటికే ఆయన బొంబాయిల నిలదొక్కుకున్నడు. తర్వాత తెలుగు సినిమా మద్రాసుల పెరిగింది. కోస్తా నుంచి తొవ్వ మద్రాసుకు పోయేది, హైదరాబాద్ రాజ్యం నుంచి బొంబాయికి పోయేది. కాబట్టి రాకపోవుడు తప్పు కాదు. మరిచిపోవుడే తప్పు! తెలుగు సినిమా చరిత్రను మద్రాసు నుంచే లెక్కబెట్టిన్రు. మద్రాసుకు పోనోడు ఆ లెక్కల పడలే. 'మీకు సినిమా ఎక్కడిది, నటులెక్కడోళ్ళు' అని మననే అడిగిన్రు.

ఈ ప్రశ్న మనకు కొత్త కాదు. తెలంగాణల కవులు లేరన్నప్పుడు జవాబు చెప్పింది ఈ నడిగడ్డ బిడ్డే. ఇటిక్యాలపాడుకు చెందిన సురవరం ప్రతాపరెడ్డి తిట్టలే, కొట్లాడలే. ఊరూరా ఉన్న కవుల పద్యాలు తెప్పించి, 1934లో 354 మందితో 'గోలకొండ కవుల సంచిక' అచ్చేసి ముందర పెట్టిండు. అంతే, నోళ్ళు మూతబడ్డయి.

2014 జూన్ 2న రాష్ట్రం వచ్చింది. రవీంద్రభారతిల ప్రివ్యూ థియేటర్‌కు జైరాజ్ పేరు పెట్టుకున్నం. మంచిదే. కానీ గోడ మీద పేరుంటే సరిపోదు. ఆ పేరు చూసి 'ఈయన ఎవరు' అని పిల్లగాడు అడిగితే చెప్పేటోడు ఇంట్ల ఉండాలె, బడిల ఉండాలె. రాష్ట్రం సర్కారు ఇస్తది, యాది మాత్రం మనమే కాపాడుకోవాలె.

అందుకే విద్యార్థులను ఒకటే అడుగుతున్న. మీ ఊర్ల యక్షగానం ఆడినోళ్ళు, బుర్రకథ చెప్పినోళ్ళు, నాటకం వేసినోళ్ళు ఎవరున్నరో పెద్దమనుషులను అడిగి రాయున్రి. పేరు, ఊరు, వేసిన వేషం – మూడు ముక్కలు చాలు. ఉపాధ్యాయ మిత్రులు ఆ కాగితాలు జమ చెయ్యున్రి. సురవరం కవులకు చేసిన పని మనం కళాకారులకు చేద్దాం. బొంబాయి దాకా పోయి గెలిచినోన్నే మరిచిపోయినం. ఊర్లనే ఉండి ఆడి పాడి మట్టిల కలిసినోళ్ళను ఇంకెవరు యాది చేస్తరు?

జై తెలంగాణ!